ఇరవైకి ఎన్ని మార్కులు?

అమెరికాలోని పెన్సిల్వేనియా రాష్ట్రంలో ఆలెగెనీ అనే కౌంటీ ఉంది. పిట్స్‌బర్గ్ నగరం అందులోదే. మన జిల్లాలాంటిది అనుకోవచ్చు. జనాభా పన్నెండు లక్షల పైచిలుకు. అక్కడ ఏ పిల్లవాడినైనా ఇంట్లో సరిగా చూడడం లేదని అనుమానం వచ్చినవాళ్లు ఒక నంబరుకు ఫోన్ చేస్తారు. బడి టీచరు చేయవచ్చు, డాక్టరు చేయవచ్చు, పక్కింటివాళ్లు చేయవచ్చు. పేరు చెప్పకపోయినా ఫర్వాలేదు. 1996లో ముంబయిలో మొదలై దేశమంతా పాకిన మన 1098 చైల్డ్‌లైన్‌కు ఇది చుట్టం వరసే. ఫోనెత్తిన సోషల్ వర్కర్ ఒక సంగతి తేల్చుకోవాలి: ఆ ఇంటికి విచారణకు మనిషిని పంపాలా, అక్కర్లేదా? అనవసరంగా పంపితే ఒక పేద తల్లికి ఇరుగుపొరుగు ముందు తలవంపులు, బిడ్డను ఎత్తుకుపోతారేమోనన్న భయం. పంపాల్సినచోట పంపకపోతే ఒక పసివాడి ప్రాణం మీదికి రావచ్చు.

2016 ఆగస్టు నుంచి ఈ నిర్ణయంలో కంప్యూటర్ కూడా ఒక చెయ్యి వేయడం మొదలుపెట్టింది. ఫోన్‌లో విన్నది నమోదు చేసి మీట నొక్కితే, ఆ కుటుంబానికి 1 నుంచి 20 దాకా ఒక స్కోరు వస్తుంది. తెర మీద థర్మామీటరు బొమ్మ రూపంలో కనిపిస్తుంది. స్కోరు బాగా ఎక్కువైతే విచారణ తప్పనిసరి అవుతుంది. వద్దనుకుంటే పైనున్న సూపర్‌వైజర్ బాధ్యత తీసుకుని ఆపాలి. ఒక మంచి జాగ్రత్త కూడా పెట్టారు. ఇంటికి వెళ్లే విచారణ ఉద్యోగికి ఆ స్కోరు చెప్పరు. ముందే మనసులో ఒక అంకె పెట్టుకుని గడప తొక్కకూడదని.

సోషల్ వర్క్‌లో కంప్యూటర్ల పాత్ర గురించి చెప్పడానికి ఈ యంత్రాన్ని ఎంచుకోవడానికి కారణం ఉంది. ఇలాంటి పనిముట్లు చాలా దేశాల్లో, మన రాష్ట్రాల్లో కూడా ఉన్నాయి. కానీ ఇది ఎలా తయారైందో, ఏం లెక్కిస్తుందో కౌంటీవాళ్లు బహిరంగంగా ప్రకటించారు. బయటి పరిశోధకులకు విప్పి చూసే వీలు కల్పించారు. అందుకే మంచీ చెడూ రెండూ నేర్పగల పాఠం ఇక్కడ దొరుకుతుంది.

నిజానికి పేదల వివరాలు ఒకచోట పోగుచేయాలన్న కోరిక కంప్యూటర్ కన్నా చాలా పాతది. 1870ల్లో బోస్టన్ నగరంలో దానధర్మాల సంఘాలన్నీ కలిసి ఒక నమోదు కేంద్రం పెట్టుకున్నాయి. ఏ కుటుంబం ఏ సంఘం దగ్గర సాయం పొందిందో అక్కడ రాసిపెట్టేవారు. ఒకే ఇంటికి నాలుగు సంఘాల మనుషులు వెళ్లి ఒకే ప్రశ్న నాలుగుసార్లు అడగకుండా ఉండడం ఒక ఉద్దేశం. ఒకే ఇంటివాళ్లు నాలుగుచోట్ల సాయం తీసుకోకుండా పట్టుకోవడం రెండో ఉద్దేశం. సోషల్ వర్క్‌ను ఒక శాస్త్రీయ వృత్తిగా నిలబెట్టిన మేరీ రిచ్‌మండ్ 1917లో రాసిన ‘సోషల్ డయాగ్నసిస్’లో ఇలాంటి కేంద్రాల గురించి వివరంగా చర్చించింది. సాయపడడం, కాపలా కాయడం: ఈ రెండు ఉద్దేశాలూ ఆనాడే ఒక్క కార్డు మీద కలిసిపోయాయి. ఇప్పటికీ విడిపోలేదు.

స్కోరు ఎక్కడినుంచి వస్తుంది?

ఆలెగెనీ కౌంటీ 1999లోనే తన సేవల రికార్డులన్నిటినీ ఒక డేటా గిడ్డంగిలోకి చేర్చింది. మానసిక వైద్యం, మత్తు విముక్తి చికిత్స, జైలు, బాలనేరస్థుల కోర్టు, ప్రభుత్వ ఆహార సాయం, పాత ఫోన్ ఫిర్యాదులు అన్నీ అందులో ఉన్నాయి. న్యూజీలాండ్‌లో పనిచేసే ఆర్థికవేత్త రీమా వైద్యనాథన్, అమెరికా పరిశోధకురాలు ఎమిలీ పట్నం-హార్న్‌స్టీన్, వాళ్ల బృందం కలిసి ఆ గిడ్డంగిలోని పాత కేసులను కంప్యూటర్‌కు చూపించారు. ఫలానా ఫోన్ వచ్చిన తర్వాత రెండేళ్లలో ఏ పిల్లలను ఇంటినుంచి తీసి సంరక్షణలో పెట్టాల్సి వచ్చింది? ఆ కుటుంబాల రికార్డుల్లో ముందునుంచీ ఏమేం ఉన్నాయి? వందకు పైగా అంశాల్లో ఒక్కోదానికి ఎంత బరువు ఇస్తే అంచనా గతానికి దగ్గరగా వస్తుందో లెక్క తేల్చారు. కొత్త ఫోన్ రాగానే కంప్యూటర్ ఆ బరువులన్నీ కూడి అంకె చెబుతుంది. ఇందులో మాయ లేదు, కూడికలు ఉన్నాయి.

చిక్కు ఎక్కడుందో రెండు చోట్ల చూడాలి.

మొదటిది, గిడ్డంగిలో ఎవరున్నారు? డబ్బున్న కుటుంబంలో తండ్రి తాగుడుకు బానిసైతే సొంత ఖర్చుతో, ప్రైవేటు ఆస్పత్రిలో చికిత్స చేయించుకుంటాడు. తల్లికి కుంగుబాటు వస్తే ప్రైవేటు డాక్టరు చూస్తాడు. ఆ కాగితాలు కౌంటీ కంప్యూటర్‌లోకి రావు. పేద కుటుంబం అదే చికిత్స ప్రభుత్వ ఖర్చుతో తీసుకుంటే అది రికార్డవుతుంది. సాయం అడిగిన పాపానికి స్కోరు పెరిగే అవకాశం ఉందన్నమాట. రచయిత్రి వర్జీనియా యూబ్యాంక్స్ 2018లో తన ‘ఆటోమేటింగ్ ఇనీక్వాలిటీ’ పుస్తకంలో ఈ యంత్రం గురించి చెప్పిన ప్రధాన అభ్యంతరం ఇదే. నాకు ఈ అభ్యంతరం గట్టిదనిపిస్తుంది, దీనికి పూర్తి సమాధానం ఇప్పటిదాకా కనబడలేదు.

రెండోది ఇంకా లోతైనది. కంప్యూటర్ ఊహిస్తున్నది బిడ్డకు జరగబోయే హానిని కాదు. బిడ్డను ఇంటినుంచి తీసేయాలని అధికారులు నిర్ణయిస్తారా లేదా అన్నదాన్ని. తీవ్రమైన హాని అదృష్టవశాత్తూ అరుదు, జరిగినవన్నీ రికార్డుల్లోకి ఎక్కవు. కాబట్టి దాని బదులు లెక్కపెట్టడానికి వీలైనదాన్ని తీసుకున్నారు. అధికారులు గతంలో నల్లజాతి కుటుంబాల పట్ల ఎక్కువ కఠినంగా ఉండి ఉంటే, ఆ కాఠిన్యమే యంత్రానికి పాఠ్యపుస్తకం అవుతుంది.

అరుదైనదాన్ని ఊహించడం ఎంత కష్టమో ఒక చిన్న లెక్కతో చూద్దాం. లక్షమంది పిల్లలున్నారనుకోండి. వాళ్లలో నిజంగా ప్రాణాపాయంలో ఉన్నవాళ్లు వందమంది. మన దగ్గర నూటికి తొంభై పాళ్లు సరిగ్గా చెప్పే యంత్రం ఉందనుకుందాం. ప్రమాదంలో ఉన్న వందమందిలో తొంభైమందిని పట్టుకుంటుంది. మంచిదే. కానీ క్షేమంగా ఉన్న 99,900 మందిలో పదో వంతుకు, అంటే 9,990 మందికి కూడా ప్రమాదమని గంట కొడుతుంది. గంట మోగిన మొత్తం 10,080 ఇళ్లలో నిజమైన ప్రమాదం ఉన్నవి తొంభై. వందకు ఒకటి కన్నా తక్కువ! తొంభై శాతం కచ్చితత్వం అన్న మాట విని మురిసిపోయే ముందు ఈ లెక్క ఒకసారి కాగితం మీద వేసి చూడాలి.

ఇది కాగితం మీది లెక్కే అనుకోవద్దు. ఇల్లినాయ్ రాష్ట్రంలో ఇలాంటి మరో పనిముట్టును వాడారు. అది నాలుగు వేలమందికి పైగా పిల్లలకు చావో తీవ్ర గాయమో జరిగే అవకాశం 90 శాతం పైనే అని చెప్పింది. చివరికి చనిపోయిన కొందరు పిల్లల విషయంలో మాత్రం ముందు హెచ్చరిక ఇవ్వలేకపోయింది. 2017 డిసెంబరులో దాన్ని ఆపేశారు. అందరికీ గంట మోగితే, ఎవరి ఇంటికి ముందు పరుగెత్తాలో ఉద్యోగికి తెలియదు. ఆరెగాన్ రాష్ట్రం కూడా ఆలెగెనీ తరహాలో చేసుకున్న తన పనిముట్టును 2022లో వదులుకుంది.

యంత్రం తప్పినప్పుడు

ఇప్పుడు ఈ అధ్యాయంలో నాకు అన్నిటికన్నా ముఖ్యమనిపించే సంగతికి వస్తాను.

ఆలెగెనీలో స్కోరు వాడుకలోకి వచ్చిన తొలి కాలంలో ఒక సాంకేతిక లోపం దొర్లింది. కొన్ని కేసుల్లో కంప్యూటర్ లోపలికి వెళ్లాల్సిన వివరాలు తప్పుగా లెక్కలోకి వెళ్లాయి. దాంతో తెర మీద కనిపించిన స్కోరుకూ, అసలు రావాల్సిన స్కోరుకూ తేడా వచ్చింది. ఆ సంగతి ఫోన్లు ఎత్తే సోషల్ వర్కర్లకు తెలియదు. వాళ్లకు ఎవరూ చెప్పలేదు, అప్పటికి చెప్పగలిగినవాళ్లూ లేరు.

పిట్స్‌బర్గ్‌లోనే ఉన్న కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయం పరిశోధకులు తర్వాత ఈ కేసులను తవ్వి చూశారు. 2020లో వాళ్లు ప్రకటించిన ఫలితం ఇది: స్కోరు తప్పుగా వచ్చిన కేసుల్లో సోషల్ వర్కర్లు ఆ స్కోరును పక్కన పెట్టడం ఎక్కువగా జరిగింది. తప్పని తెలియకుండానే తప్పును పసిగట్టారు. ఎలా? వాళ్ల చెవిలో ఫోన్ చేసిన మనిషి గొంతు ఉంది. ఆ కుటుంబం పాత కేసు వివరాలు చదివే వీలు వాళ్లకు ఉంది. అంకె చెబుతున్నదీ, తాము విన్నదీ చదివిందీ కలవనప్పుడు అంకెకు తల వంచలేదు.

అదే విశ్వవిద్యాలయానికి చెందిన పరిశోధకులు పాల్గొన్న మరో అధ్యయనం 2022లో వచ్చింది. స్కోరు చెప్పినట్టే గుడ్డిగా నడిచి ఉంటే, విచారణకు ఎంపికయ్యే పిల్లల్లో నల్లవారికీ తెల్లవారికీ మధ్య తేడా 20 శాతం దాకా ఉండేది. సోషల్ వర్కర్లు తమ విచక్షణ వాడడం వల్ల అది 9 శాతానికి తగ్గింది. మనిషికి పక్షపాతం ఉంటుంది, యంత్రానికి ఉండదు అన్న నమ్మకంతోనే ఇలాంటివి మొదలుపెడతారు. ఇక్కడ యంత్రంలోని పక్షపాతాన్ని మనుషులు తగ్గించారు.

అయితే ఆ మనుషులకు మూడు వసతులు ఉన్నాయని మరచిపోకూడదు: కేసు చదవడానికి సమయం, స్కోరును కాదనే అధికారం, కాదన్నందుకు ఉద్యోగం పోదన్న ధైర్యం. ఈ మూడిట్లో ఒక్కటి తీసేసినా ఫలితం అలా వచ్చేది కాదని నా నమ్మకం.

తెలంగాణలో కారు ఎవరిది?

ఇప్పుడు మన ఇంటికి వద్దాం. తెలంగాణలో సమగ్ర వేదిక పేరుతో ఒక వ్యవస్థ నడుస్తోంది. వాహనాల రిజిస్ట్రేషన్, ఆస్తిపన్ను, కరెంటు కనెక్షన్, ఉద్యోగుల జాబితాలు, ఇలా ఇరవైకి పైగా ప్రభుత్వ శాఖల రికార్డులను కలిపి, ఏ రికార్డు ఏ మనిషిదో అది తేలుస్తుంది. ఆహార భద్రత కార్డు ఉన్నవాళ్లకు కారుందా, ఇల్లెంత ఉంది అని చూడడానికి దీన్ని వాడారు. కారుంటే కార్డుకు అర్హత లేదు.

రెండు శాఖల్లో ఉన్న రెండు పేర్లు ఒకే మనిషివా కాదా అని కంప్యూటర్ ఎలా తేలుస్తుంది? పేరు, తండ్రి పేరో భర్త పేరో, చిరునామా ఎంత దగ్గరగా ఉన్నాయో చూసి సంభావ్యత లెక్కగడుతుంది. తెలుగునాట ఇది ఎంత ప్రమాదకరమో మనకు చెప్పనక్కర్లేదు. ఒక దగ్గర ఇంటిపేరు ముందు రాస్తారు, ఇంకో దగ్గర పొడి అక్షరంగా కుదిస్తారు, మరో దగ్గర అసలు రాయరు. వెంకటేశ్వర్లు అన్న పేరును ఇంగ్లిష్ అక్షరాల్లో ఒక్కో గుమాస్తా ఒక్కో రకంగా టైపు చేస్తాడు. ఒక ఊళ్లో నలుగురు ఎల్లయ్యలుంటారు. హైదరాబాద్ పాతబస్తీలో ఒకే వీధిలో ఒకే పేరు గలవాళ్లు ఎందరో. పోలిక కాస్త సడలిస్తే వేరే మనిషి ఆస్తి మన ఖాతాలో పడుతుంది, బిగిస్తే నిజంగా కారున్నవాడు జారిపోతాడు. ఎక్కడ గీత గీయాలో గణితం చెప్పదు. ఏ తప్పును మనం భరించగలమో నిర్ణయించుకున్నవాళ్లు చెప్పాలి.

2014 నుంచి 2019 దాకా తెలంగాణలో 18 లక్షలకు పైగా ఆహార భద్రత కార్డులు రద్దయ్యాయి. ముందు నోటీసు లేదు. రేషన్ షాపుకు వెళ్లాక, మిషన్‌లో పేరు లేదని డీలర్ చెబితే తెలిసింది. కార్డు రద్దయినవాళ్లలో రిక్షా తొక్కి బతికిన మనిషి కుటుంబం కూడా ఉంది. అదే పేరు గల ఇంకెవరిదో కారు వాళ్ల లెక్కలో పడింది. సంగతి సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. రద్దయిన కార్డులన్నిటినీ ఇళ్లకు వెళ్లి పరిశీలించాలని 2022లో కోర్టు ఆదేశించింది. ఆ ఏడాది జులై నాటికి పరిశీలించిన 2,05,734 దరఖాస్తుల్లో 15,471 అర్హమైనవని తేలింది. అంటే 7.5 శాతం. అంతకాలం ఆ ఇళ్లకు రావాల్సిన బియ్యం రాలేదు.

ఆలెగెనీకీ దీనికీ తేడా ఏమిటో గమనించండి. అక్కడ స్కోరు ఒక ఉద్యోగి ముందుకు వస్తుంది, ఆమె దాన్ని కాదనవచ్చు. ఇక్కడ తెర మీద పడిన ముద్రే చాలామంది విషయంలో తీర్పు అయిపోయింది. మధ్యలో గడప దగ్గరికి వెళ్లి చూడాల్సిన మనిషి మాయమయ్యాడు. ఆ ముద్ర తప్పని రుజువు చేసే భారం, ఆఫీసుల చుట్టూ తిరగడానికి రోజు కూలీ పోగొట్టుకోవాల్సిన మనిషి మీద పడింది.

తిప్పి పట్టుకుంటే

ఇంతవరకు చదివి, ఈ పనిలో కంప్యూటరే వద్దంటున్నారా అని మీరు అడగవచ్చు. అనడం లేదు. అదే పనిముట్టును తిప్పి పట్టుకుంటే ఎంత మేలు చేస్తుందో మన దగ్గరే రుజువులున్నాయి.

ఉపాధి హామీ పథకం మొదలైన 2006 నుంచే ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో సామాజిక తనిఖీ మొదలైంది; 2009లో దానికి ప్రత్యేక సంస్థనే పెట్టారు. ఏ పని ఎక్కడ జరిగింది, ఏ కూలీకి ఎన్ని రోజులు పడ్డాయి, ఎంత చెల్లించారు అన్నదంతా కంప్యూటర్‌లో ఉంటుంది. తనిఖీ బృందంలో చేరిన కూలీల కుటుంబాల యువతీయువకులు ఆ వివరాలను కాగితాల మీద ముద్రించి తీసుకుని ఇంటింటికీ తిరుగుతారు. ‘అమ్మా, నీ పేరు మీద ఫలానా చెరువు పనిలో పన్నెండు రోజులు పడ్డాయి. చేశావా? డబ్బు అందిందా?’ అని అడుగుతారు. చనిపోయినవాళ్ల పేర్ల మీద, ఊరు వదిలిపోయినవాళ్ల పేర్ల మీద మస్టర్లు (హాజరు పట్టీలు) పడిన సంగతులు ఇలాగే బయటికొచ్చాయి. తర్వాత మండలంలో ప్రజావేదిక పెట్టి అందరి ముందూ చదువుతారు, ఉద్యోగులు జవాబు చెప్పాలి. పట్టుబడిన సొమ్ములో తిరిగి వసూలైంది తక్కువే, అది బాధాకరం. అయినా చదువురాని కూలీ మనిషి ప్రభుత్వ కంప్యూటర్‌లోని వాక్యాన్ని ‘ఇది అబద్ధం’ అని నలుగురిలో నిలబడి చెప్పే చోటు ఒకటి ఏర్పడింది. సోషల్ వర్క్ అంటే నా దృష్టిలో అది.

ఇంకొకటి. 2018లో తెలంగాణలో రైతుబంధు చెక్కులు పంచేటప్పుడు కార్తీక్ మురళీధరన్ తదితర ఆర్థికవేత్తలు ఒక ప్రయోగం చేశారు. లాటరీ పద్ధతిలో ఎంచిన మండలాల్లో వ్యవసాయాధికారులకు ముందుగానే ఒక మాట చెప్పారు: మీ పని ఎలా ఉందో రైతులకు ఫోన్ చేసి కనుక్కుంటాం అని. ఆ మండలాల్లో చెక్కులు సమయానికి అందడం కొంచెం మెరుగుపడింది. పెరుగుదల చిన్నదే, కానీ అందుకైన ఖర్చు ఇంకా చిన్నది: అదనంగా రైతుల చేతికి చేరిన ప్రతి వంద రూపాయలకూ నాలుగు రూపాయల లోపే. వేలిముద్ర లేదు, స్కోరు లేదు. ఫోన్ చేసి ‘మీకు అందిందా?’ అని అడగడమే.

అదే ఆర్థికవేత్తలు అంతకుముందు ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 157 మండలాల్లో స్మార్ట్‌కార్డు చెల్లింపులను పరీక్షించారు. వేలిముద్రతో ఉపాధి కూలీ, పింఛను ఇచ్చే పద్ధతి అది. కూలీ డబ్బు త్వరగా అందింది, మధ్యలో కారిపోయేది తగ్గింది. జార్ఖండ్‌లో రేషన్‌కు ఆధార్ వేలిముద్ర పెట్టినప్పుడు మాత్రం, ఆధార్ జత చేయని కుటుంబాలు తమకు రావాల్సినదాంట్లో సగటున పదో వంతు పోగొట్టుకున్నాయి. రెండుచోట్లా యంత్రం ఒకలాంటిదే. ఆంధ్రలో కార్డు లేకపోయినా, వేలిముద్ర పడకపోయినా పాత పద్ధతిలో డబ్బు ఇచ్చేశారు. రెండేళ్లు గడిచినా సగం చెల్లింపులే కార్డు మీదికి మారాయి, మిగతావాళ్లను ఎవరూ వెళ్లగొట్టలేదు. మనిషికి తలుపు మూయకుండా యంత్రాన్ని తెచ్చారు కాబట్టి మేలు జరిగింది.

రోజువారీ పనిలో ఇంకో చిన్న విషయం చెప్పకుండా ఈ అధ్యాయం ముగించలేను. మన సోషల్ వర్కర్లకు చేతిలో ఉన్న అసలు సాంకేతికత వాట్సాప్. తప్పిపోయి దొరికిన పాప ఫోటో, లైంగిక హింసకు గురైన బాలిక కేసు కాగితం గ్రూపుల్లో తిరుగుతుంటాయి. పంపినవాళ్ల ఉద్దేశం మంచిదే కావచ్చు. కానీ బాలల న్యాయ చట్టం 2015లోని 74వ సెక్షన్ ప్రకారం, పోక్సో చట్టంలోని 23వ సెక్షన్ ప్రకారం అలాంటి బిడ్డ గుర్తింపు బయటపెట్టడం నేరం. ఒకసారి గ్రూపులో పడిన ఫోటోను ఎవరూ వెనక్కి తేలేరు. ఆ పాప పెళ్లీడుకు వచ్చినా అది ఎవరి ఫోన్‌లోనో ఉంటుంది. సోషల్ వర్క్‌లో పీజీ (ఎంఎస్‌డబ్ల్యూ) చదివే పిల్లలకు మొదటి నెలలోనే ఈ రెండు సెక్షన్లూ నేర్పాలి.

పాఠకులకు ఒక విన్నపం. కార్డో, పింఛనో ఆగిపోయిందని ఎవరైనా మీ దగ్గరికి వస్తే, ‘సిస్టంలో అలా ఉంది’ అన్న జవాబుతో తిరిగి రాకండి. ఏ శాఖ రికార్డు, ఏ నంబరు బండి, ఏ తేదీన ఎవరు పరిశీలించారు అని రాసి అడగండి. సమాచార హక్కు చట్టం 2005 కింద వేసిన దరఖాస్తుకు ముప్పై రోజుల్లో జవాబు ఇవ్వాలి. దారిద్ర్యరేఖకు దిగువనున్నవాళ్లకు దానికి రుసుము లేదు.